మైన్‌క్రాఫ్ట్ పొలంలో క్రీపర్ల బెడద: కాపలా మానండి, వెలుతురు పెంచండి

ప్రశ్న: మాది నంద్యాల జిల్లా. ఎనిమిదో తరగతి చదివే మా అబ్బాయి సెలవుల్లో ల్యాప్‌టాప్‌లో మైన్‌క్రాఫ్ట్ ఆడుతున్నాడు. జావా ఎడిషన్, నార్మల్ స్థాయి అట. చుట్టూ సూదుల్లాంటి ఆకులున్న చెట్ల అడవి. తొమ్మిది బై తొమ్మిది మడి చేసి, నడుమ నీళ్లు పెట్టి గోధుమ, ఒక వారగా క్యారెట్ వేశాడు. పక్కనే చెక్క కంచె కట్టి ఆవులను, కోళ్లను పెట్టాడు. నాలుగు మూలలా నాలుగు కాగడాలు. చీకటి పడితే జాంబీలు, సాలీళ్లు, దగ్గరికొచ్చి పేలే పచ్చటి క్రీపర్లు వస్తున్నాయి. కంచె రెండుసార్లు పేలిపోయి ఆవులు అడవిలోకి పోయాయి. మడిలో దున్నిన నేల అక్కడక్కడా మామూలు మట్టయిపోయి మొక్క ఊడిపోతోంది. క్యారెట్ కొరికినట్టు చిన్నదైపోతోంది. కోళ్లు ఒక్కొక్కటే మాయం. వాడు పడుకోకుండా కత్తి పట్టుకుని దొడ్డి దగ్గరే కాపలా ఉంటున్నాడు. ఇప్పుడు ఆకాశంలోంచి కూడా ఏవో వచ్చి పొడుస్తున్నాయి. పొలం చుట్టూ లావా కందకం తవ్వుతానంటున్నాడు. తవ్వనివ్వమంటారా మేడమ్? మా వేరుశనగకు పందుల బాధ, వాడి గోధుమకు ఈ బాధ. ఇద్దరికీ నిద్ర లేదు.

జవాబు: లావా కందకం వద్దు. ముందు ఆ తవ్వకం ఆపించి, మిగతాది తాపీగా చదవండి. లావా పక్కన చెక్క కంచె ఉంటే అంటుకుంటుంది. ఆవు అందులో పడితే తోలు, మాంసం కూడా మిగలవు. పందుల కోసం చేను చుట్టూ కరెంటు తీగ లాగినట్టే ఇది. ముందు పోయేది మన పశువు, మన మనిషే.

మీరు రాసిన లక్షణాలన్నీ ఒక్క శత్రువు పని కాదు. విడదీసి చూడాలి. ఆకు మీద మచ్చ కనిపించగానే మందు డబ్బా ఎత్తే రైతుకు మేం చెప్పేది కూడా ఇదే.

నేల మట్టిగా మారడంతో మొదలుపెడదాం. ఈ ఆటలో జాంబీ గానీ క్రీపర్ గానీ గోధుమ మేయవు. దున్నిన నేల మీద ఆటగాడు గానీ, మరీ చిన్నది కాని ప్రాణి గానీ పైనుంచి పడినా, గెంతినా ఆ నేల తిరిగి మట్టయిపోయి మొక్క ఊడిపోతుంది. నడిస్తే ఏమీ కాదు. నీళ్లు నడుమ ఉన్నాయి కాబట్టి తడి సమస్య లేదు. నీటి నుంచి నాలుగు బ్లాకుల (ఆటలో నేల, గోడ అన్నీ ఏర్పడే ఘనపు దిమ్మెల) దాకా తడి అందుతుంది కనుక తొమ్మిది బై తొమ్మిది మడికి ఆ ఒక్క గుంట చాలు. మరి గెంతుతున్నది ఎవరు? నాకైతే మీ అబ్బాయి మీదే అనుమానం. కత్తి పట్టుకుని జాంబీ వెంట మడికి అడ్డంపడి పరుగెడుతూ గెంతడానికి స్పేస్ బార్ నొక్కుతుంటాడు. మడి చుట్టూ కంచె వేసి, గేటు పెట్టి, లోపల గెంతకూడదని గట్టిగా చెప్పండి.

క్యారెట్ కొరికేది కుందేలు. చూడ్డానికి సాధుజంతువే, శత్రువుల జాబితాలో ఉండదు, కానీ పండిన క్యారెట్‌ను వెతుక్కుంటూ వచ్చి తింటుంది. తిన్నప్పుడల్లా మొక్క ఒక దశ వెనక్కి పోతుంది. మడికి కంచె పడితే ఇదీ ఆగుతుంది. ఆటలో కంచె ఎత్తు ఒకటిన్నర బ్లాకుగా లెక్క, కుందేలు దాన్ని దాటలేదు.

కోళ్ల సంగతి. మీరు చెప్పిన సూదాకుల అడవిని ఆటలో టైగా అంటారు. అది నక్కల ఇలాకా. రాత్రిపూట పొంచి, ఎగిరి కోడి మీద పడతాయి. వాటికి కంచె అడ్డం కాదు. కోళ్లను ఆవుల దొడ్డిలోంచి తీసి, నాలుగు గోడలూ పైకప్పూ ఉన్న గూడు కట్టించండి. లోపల ఒక కాగడా తప్పనిసరి. చీకటి గూడు కడితే అందులోనే జాంబీ పుట్టొచ్చు.

ఇక అసలు బెడద క్రీపర్. చాలామంది పిల్లలు ఇది ఆవుల కోసం వస్తుందనుకుంటారు. ఆవు దానికి పట్టదు. అది వచ్చేది ఆటగాడి కోసం. పదహారు బ్లాకుల లోపు కనిపిస్తే వెంటపడుతుంది, మూడు బ్లాకుల దగ్గరికి వచ్చాక బుస్సుమని ఒకటిన్నర సెకనులో పేలుతుంది. మీ అబ్బాయి దొడ్డిని ఆనుకుని నిలబడితే అది దొడ్డిని ఆనుకునే పేలుతుంది. కంచె రెండుసార్లు పోవడానికి కారణం కాపలా లేకపోవడం కాదు, కాపలా ఉండటమే.

మరో లెక్క కూడా తెలియాలి. ఈ శత్రువులు ఆటగాడికి 24 బ్లాకుల లోపు పుట్టవు, ఆ బయట 128 బ్లాకుల దాకా చీకటి ఉన్నచోట పుడతాయి. అంటే దొడ్డి దగ్గర నిలబడ్డవాడికి శత్రువు ఎప్పుడూ అడవిలోంచే నడిచి వస్తుంది. మూలల్లో పెట్టిన నాలుగు కాగడాలు మడిని కాపాడుతున్నాయి గానీ అడవిని వదిలేశాయి.

2021 నవంబరులో వచ్చిన 1.18 వెర్షన్ నుంచి ఈ పని బాగా తేలికైంది. అంతకుముందు వెలుతురు అంకె 7 ఉన్నా శత్రువులు పుట్టేవి. ఇప్పుడు బ్లాకుల నుంచి వచ్చే వెలుతురు సున్నా అయితేనే పుడతాయి. కాగడా వెలుతురు 14, ఒక్కో బ్లాకు దూరానికి ఒకటి చొప్పున తగ్గుతుంది. కాబట్టి చదును నేల మీద అటూ ఇటూ 12 బ్లాకులకొకటి పాతుకుంటూ పోతే నడుమ ఎక్కడా సున్నా రాదు. చెట్లు, గుట్టలు అడ్డమున్నచోట దగ్గరదగ్గరగా పెట్టాలి. అనుమానముంటే ఎఫ్3 నొక్కితే తెర మీద నిలబడ్డ చోటి వెలుతురు అంకె వస్తుంది, అందులో బ్లాక్ అన్నదాన్ని చూసుకోవాలి. ఒక బొగ్గు, ఒక పుల్ల కలిపితే నాలుగు కాగడాలు. ఇంత చవక సస్యరక్షణ నా ఉద్యోగంలో ఎక్కడా చూడలేదు.

పొలం చుట్టూ ఉన్న చెట్లు కొన్ని కొట్టించినా తప్పులేదు. తెల్లారితే జాంబీలు, స్కెలిటన్లు (అస్థిపంజరాలు) ఎండకు కాలిపోతాయి గానీ చెట్ల నీడలో దాక్కున్నవి బతికిపోతాయి. సాలీడు వెలుతురులో తనంతట తాను దాడి చేయదు. క్రీపర్‌కు ఎండ తగిలినా ఏమీ కాదు. తెల్లారిందని ధీమాగా తలుపు తీసేవాళ్లే ఎక్కువగా దీనికి బలవుతారు.

ఆకాశంలోంచి పొడిచేవి ఫాంటమ్‌లు. ఇవి అడవిలో పుట్టిన బెడద కాదు, నిద్రలేమి జబ్బు. ఆటలో మూడు రోజులు, అంటే మన గడియారంలో గంటసేపు, మంచమెక్కకుండా తిరిగితే రావడం మొదలుపెడతాయి. ఒక్కసారి పడుకుంటే ఆ లెక్క మళ్లీ మొదటికి వస్తుంది. పడుకుంటే రాత్రి కూడా గడిచిపోతుంది, కాపలా అవసరమే ఉండదు. మంచం దగ్గరికి వెళ్తే దగ్గర్లో రాక్షసులున్నాయి, పడుకోవడం కుదరదని తెర మీద వస్తే, ఎనిమిది బ్లాకుల లోపు ఏదో తిరుగుతోందని అర్థం. అందుకే మంచమున్న ఇంటి చుట్టూ కాగడాలు ముందు పెట్టాలి, పొలం తర్వాత.

ఎంత చేసినా ఒకటో రెండో వస్తాయి. వాటికోసం ఒక డాలు చేయించండి. ఆరు చెక్క పలకలు, ఒక ఇనుప కడ్డీ చాలు. క్రీపర్ పేలబోతుంటే అటు తిరిగి డాలు అడ్డం పెడితే ఒంటికి దెబ్బ తగలదు. పోరాటం మాత్రం దొడ్డికి దూరంగా, ఖాళీ నేలలో జరగాలి. శత్రువు కనిపించగానే వాడు పొలం నుంచి అవతలికి నడవాలి, అది వెంటే వస్తుంది. బుస్సుమన్న తర్వాత కూడా ఏడు బ్లాకుల అవతలికి పోగలిగితే క్రీపర్ చల్లబడుతుంది. కత్తిని టపటపా కొట్టొద్దు. 2016లో వచ్చిన మార్పు తర్వాత ఒక దెబ్బకూ ఇంకో దెబ్బకూ నడుమ కాస్త ఆగితేనే పూర్తి బలం వస్తుంది.

కందకం మీద మరీ మోజుంటే లావా బదులు నీళ్లు నింపమనండి. నీళ్లలో నిలబడి పేలిన క్రీపర్ కంచెను గానీ నేలను గానీ పగలగొట్టలేదు. దగ్గరున్న ప్రాణులకు మాత్రం దెబ్బ తగులుతుంది, కాబట్టి కాలువకూ దొడ్డికీ నడుమ కొంత జాగా వదలాలి.

మిత్రజీవులు ఇక్కడా ఉన్నాయి. ఆటలోని ఊళ్లలో తిరిగే పిల్లికి పచ్చి చేప పెట్టి మచ్చిక చేసుకుంటే, దానికి ఆరు బ్లాకుల దగ్గరికి క్రీపర్ రాదు. ఫాంటమ్‌లకూ పిల్లి అంటే భయమే. దొడ్డి నాలుగు వైపులా ఒక్కో పిల్లిని కూర్చోబెట్టడం నాకు బాగా నచ్చిన పద్ధతి. టైగాలో తోడేళ్లు ఎలాగూ ఉంటాయి, ఎముకలు పెడితే కుక్కల్లా మచ్చికవుతాయి, స్కెలిటన్లు వాటిని చూసి పారిపోతాయి. అయితే కుక్క క్రీపర్ జోలికి పోదు, ఆ పని పిల్లిదే. ఇనుప గోలెం (శత్రువులతో పోరాడే ఇనుప బొమ్మ) గురించి కూడా మీవాడు అడుగుతాడు. దానికి 36 ఇనుప కడ్డీలు, ఒక చెక్కిన గుమ్మడికాయ కావాలి. పైగా అదీ క్రీపర్‌ను ముట్టదు. ఇప్పుడే వద్దు.

చంపిన స్కెలిటన్ ఎముకలు పారేయనివ్వకండి. ఒక ఎముకకు మూడు పాళ్ల ఎముకల పొడి వస్తుంది, గోధుమ మొక్కకు వేస్తే ఒకేసారి కొన్ని దశలు ఎదుగుతుంది. మన నేలల్లో భాస్వరం కోసం వేసే ఎముకల పొడి అంత తొందరగా పనిచేయదు, ఆ ఆశ పెట్టుకోకండి.

మీ పందుల సంగతికి వస్తే, దీపాలు పెట్టి చూడాలనుకుంటారేమో. పంది వెలుతురుకు త్వరలోనే అలవాటు పడుతుంది. వేరుశనగ చుట్టూ ముళ్ల కుసుమ దగ్గరదగ్గరగా వేయడం మేలు. మాట వచ్చింది కాబట్టి ఒక ముచ్చట. ఈ ఆటను మొదలుపెట్టిన మార్కస్ పెర్సన్ పంది బొమ్మ చేయబోయి ఎత్తు, పొడవు కొలతలు తారుమారు చేస్తే పుట్టిన ఆకారమే క్రీపర్. తండ్రి చేనును, కొడుకు దొడ్డిని పాడు చేస్తున్నది ఒకే వంశమన్నమాట.

ఇన్ని చేసే ఓపిక లేదంటే ఆటలో రెండు మీటలున్నాయి. పీస్‌ఫుల్ స్థాయి పెడితే ఈ శత్రువులు ఉండవు, కానీ ఆకలి కూడా ఉండదు, అప్పుడు గోధుమ పండించి ఏం చేస్తాడు? మాబ్ గ్రీఫింగ్ (ఆటలోని ప్రాణులు కట్టడాలను, పంటను మార్చగలగడం) అనే నియమాన్ని ఆపేస్తే క్రీపర్ పేలినా కంచె పోదు, కుందేలు క్యారెట్ ముట్టదు. కాకపోతే ఊళ్లోని రైతు పాత్రలు కోతలు కోయడం కూడా ఆగిపోతుంది. ఆ మీట నొక్కే ముందు, వాడు దగ్గర్లోని ఊరి పంట మీద ఆధారపడుతున్నాడేమో కనుక్కోండి.