కొలంబైన్‌కి చలి శత్రువు కాదు

అమ్మాయ్,

కొలంబైన్ పూలమొక్క విత్తనాలు వేసి నెల కావస్తున్నా ఒక్క మొలకా రాలేదని రాశావు. వేలెడు లోతున నాటి పైన మట్టి కప్పానన్నావు చూడు, చిక్కంతా అక్కడే ఉంది. కొలంబైన్ విత్తనం మొలవాలంటే దానికి వెలుగు తగలాలి. తడి మట్టి మీద చల్లి, వేలితో మెల్లగా అద్ది వదిలేస్తే చాలు. గాలికి కొట్టుకుపోతాయని భయమైతే పైన పలచగా కాస్త ఇసుక చల్లు, అంతకు మించొద్దు.

ఇక రెండో సంగతి చలి. వాతావరణం చల్లగా ఉంది కాబట్టే మొలవలేదని నువ్వు అనుకుంటున్నావు. నిజానికి వీటికి ముందుగా చలి తగిలితేనే నిద్ర వదులుతుంది. విత్తనం ఎంత పాతదైతే ఆ నిద్ర అంత గాఢం. ప్యాకెట్‌లో మిగిలినవాటిని పిడికెడు తడి ఇసుకలో కలిపి, ప్లాస్టిక్ కవర్లో కట్టి మూడు నాలుగు వారాలు ఫ్రిజ్‌లో పెట్టు. ఫ్రీజర్‌లో కాదు సుమా, కింది అరలో. ఇసుక పిండితే నీళ్లు కారకూడదు, చెమ్మగా ఉంటే చాలు. ఆ తర్వాత ట్రేలో పైపైన చల్లి 18 నుంచి 21 డిగ్రీల వెచ్చదనంలో ఉంచితే మూడు నాలుగు వారాల్లో మొలకలు కనిపిస్తాయి. అన్నీ ఒకేసారి రావు. నాలుగు మొలిచి మిగతావి మొండికేశాయని ట్రే పారబోయకు.

ఈ ఫ్రిజ్ తతంగమంతా వద్దనుకుంటే శరదృతువు చివర్లో, నేల గడ్డకట్టడానికి కాస్త ముందు, బయట పాదులోనే చల్లేయి. చలికాలం నీ తరఫున ఆ పని చేసిపెడుతుంది. నన్నడిగితే ఇదే మేలు. ఎవరు ఎక్కడ మొలవాలో వాళ్లే తేల్చుకుంటారు.

మొదట రెండు మామూలు గుండ్రటి ఆకులొస్తాయి. వాటిని చూసి కలుపనుకుని పీకేవాళ్లు ఎందరో! ఆ తర్వాత వచ్చే ఆకు మూడు భాగాలుగా చీలి, అంచులు గుండ్రంగా ఉంటుంది. అది కనబడ్డాక నిమ్మళంగా ఉండొచ్చు. అలాంటివి మూడు నాలుగు వేయగానే నారు తీసి అసలు చోట నాటెయ్యాలి. ఆలస్యం చేస్తే తల్లివేరు లోతుకు దిగిపోతుంది. అది తెగితే మొక్క కోలుకోవడం కష్టం, అందుకే పెద్ద కొలంబైన్‌ని అటూ ఇటూ మార్చకూడదంటారు. మొక్కకీ మొక్కకీ 30 నుంచి 45 సెంటీమీటర్ల ఎడం ఇవ్వు. కుదురు, అంటే వేరూ ఆకుల మొదలూ కలిసే చోటు, సరిగ్గా నేల మట్టానికి ఉండాలి, లోతుగా పాతితే కుళ్లిపోతుంది. మొదటి ఏడాది ఆకులే, పూల మాట మరుసటి వసంతంలోనే.

చోటు విషయంలో మాత్రం తొందరపడకు. పొద్దున ఎండ, మధ్యాహ్నం నీడ ఉన్న చోటు దీనికి స్వర్గం. ఆకు రాల్చే చెట్ల కింద బాగా ఒదుగుతుంది. ఎండలు అంతగా ముదరని చోటైతే రోజంతా ఎండలో ఉన్నా పర్వాలేదు. అన్నిటికన్నా ముఖ్యం, నీళ్లు నిలవకూడదు. ఏ ప్రాంతంలో చలి ఎంతో చూపే అమెరికా వ్యవసాయ శాఖ మ్యాపులోని జోన్ 3ని కూడా చాలా రకాలు తట్టుకుంటాయి. అంటే −40 డిగ్రీల దాకా అన్నమాట. అంత చలికి చావని మొక్క, చలికాలంలో బురదలో కూర్చుంటే మాత్రం చస్తుంది. నీ నేల బంకమన్ను అయితే ముందే కంపోస్టు బాగా కలిపి, పాదును చుట్టుపక్కల కన్నా కాస్త ఎత్తుగా చెయ్యి.

చలికాలపు తొలి రోజుల్లోనే ఆకులు కప్పేస్తావేమో, ఆగు. కప్పేది మొక్కకు వెచ్చదనం కోసం కాదు. నేల గడ్డకట్టడం, కరగడం, మళ్లీ గడ్డకట్టడం జరుగుతుంటే కుదురు పైకి లేచి వేర్లు బయటపడతాయి, దాన్ని ఆపడానికి. కాబట్టి నేల గడ్డకట్టాకే ఎండుటాకులు నాలుగైదు అంగుళాలు పరిచి, వసంతంలో చిగుళ్లు కనబడగానే తీసెయ్యి.

ఎరువు పెద్దగా అక్కర్లేదు. దండిగా వేస్తే ఆకు ఏపుగా పెరిగి పూలు తగ్గుతాయి. వసంతంలో ఓ దోసెడు కంపోస్టు చాలు.

ఆకుల మీద తెల్లపిండితో వంకర ముగ్గు గీసినట్టు గీతలు కనిపిస్తే కంగారుపడొద్దు. ఆకు తొలిచే పురుగు పని అది. చూడ్డానికి వికారమే గానీ మొక్కకు ప్రాణాపాయం లేదు, ఆ ఆకులు గిల్లి చెత్తబుట్టలో పడెయ్. మందులు కొట్టడానికి బయల్దేరకు. అసలు చూసుకోవాల్సింది వసంతంలో అంచుల నుంచి ఆకును కొరుక్కుతినే చిన్న ఆకుపచ్చ పురుగుల్ని. రెండు మూడు రోజుల్లో ఈనెలే మిగులుస్తాయి. ఆకు తిప్పి చూసి చేత్తో ఏరెయ్యడమే మందు. పూలయ్యాక ఆకులు నీరసించి అందవిహీనంగా మారితే మొదలు దాకా కత్తిరించు, కొత్త గుబురు వస్తుంది.

రకాల సంగతికొస్తే, ఎరుపు పసుపు కలిసిన కెనడెన్సిస్‌తో మొదలుపెట్టు. ఉత్తర అమెరికా తూర్పు అడవుల మొక్క, తేనె తాగే బుల్లి పిట్టలు హమ్మింగ్‌బర్డ్‌లు వెతుక్కుంటూ వస్తాయి. నీలం తెలుపు కెరూలియా రాకీ పర్వతాలది, 1899 నుంచి కొలరాడో రాష్ట్ర పుష్పం. పూవు వెనక తోకల్లాంటివి ఉంటాయి చూడు, తేనె వాటి చివర్న ఉంటుంది. పసుపు క్రైసాంతా తోకలు మరీ పొడవు, వాటిలోని తేనె పొడుగు నాలుక ఉన్న హాక్‌మాత్ అనే చిమ్మటలకే సులువుగా అందుతుంది. ఆ తోకలు లేని ముద్దపూల రకాలూ దొరుకుతాయి. తోకల్లేని కొలంబైన్ ఎందుకో నాకు బోధపడదు, నీ ఇష్టం.

వీటిని ఒకదాని పక్కన ఒకటి పెడితే ఒకదాని పుప్పొడి ఇంకోదానికి అంటి రకాలు కలిసిపోతాయి. రాలిన విత్తనాల్లోంచి తల్లి రంగే వస్తుందని అనుకోకు. ఒకే రంగు కావాలంటే ఒకే రకం పెంచు, లేకపోతే ఏ రంగొస్తే దానితో సరిపెట్టుకో. ఒక్కో మొక్క బతికేది మూడు నాలుగేళ్లే కాబట్టి ఏటా కొన్ని కాయల్ని మొక్క మీదే వదిలెయ్యాలి. అయిదేసి కాయలు మూతి పైకి పెట్టి నిలబడతాయి. గోధుమరంగుకు తిరిగి మూతులు విచ్చుకుని, కాడ ఊపితే లోపల గలగలమంటే పక్వానికొచ్చినట్టు. కాగితం కవర్లోకి వంచితే నల్లగా నిగనిగలాడే గింజలు జారిపడతాయి. వేరుకీ ఈ గింజకీ విషముంది, కాబట్టి పిల్లలకు అందనీయకు, ఏరాక చేతులు కడుక్కో. కవరు మీద రకం పేరు, ఏడాది రాసి ఫ్రిజ్‌లో పెట్టు.

ఆశీస్సులతో,
అత్తయ్య