గట్టు జరిగిందంటే ఇంజంక్షన్ ఒక్కటే సరిపోదు

ప్రశ్న: లాయర్ గారూ నమస్తే. మాది పల్నాడు జిల్లా. 1994లో మా నాన్న కొన్న చేను, దస్తావేజులో 2 ఎకరాల 10 సెంట్లు అని ఉంది. పడమర చేను మాకు బాబాయి వరసయ్యే ఆయనది. ఏటా ట్రాక్టర్ దుక్కిలో గట్టు కాస్త కాస్త మావైపు జరిపేస్తూ వచ్చాడు, గట్టు మీద తుమ్మచెట్టు ఉండేది, అదీ కొట్టేశాడు. ఈమధ్య మేమే టేపు పెట్టి కొలిస్తే 1 ఎకరం 96 సెంట్లే వచ్చింది. పెద్దమనుషుల్లో రెండుసార్లు కూర్చున్నాం, ఆయన అసలు ఒప్పుకోలేదు. తెలిసిన వకీలు ఇంజంక్షన్ వేద్దాం, ఖర్చు తక్కువ అంటున్నారు. హైదరాబాద్‌లో ఉన్న మా బావ పోలీస్ కంప్లైంట్ ఇమ్మంటున్నాడు. ఏది కరెక్ట్?

జవాబు: 14 సెంట్లంటే 677 గజాల పైమాటే, ఊరికే వదిలేసేది కాదులెండి. కానీ కోర్టు మెట్లు ఎక్కేముందు ఒక్కటి తేల్చుకోవాలి. ఆ 14 సెంట్లు నిజంగా పడమర వైపే పోయాయా? తూర్పు ఆయన కలుపుకొని ఉండొచ్చు, బోదె వెడల్పు చేసినప్పుడో డొంక వేసినప్పుడో పోయి ఉండొచ్చు, అసలు మీకు అమ్మినాయన దగ్గరే అంత లేకపోయినా దస్తావేజులో 2.10 అని రాయించి ఉండొచ్చు, ఇలాంటివి నేను చాలా చూశాను. విస్తీర్ణం ఒకటి, నాలుగు హద్దులు ఒకటి చెబుతుంటే కోర్టులు మామూలుగా హద్దుల వైపే మొగ్గుతాయి. అందుకే మీ టేపు కొలత పక్కనపెట్టి మీసేవలోనో సచివాలయంలోనో ఎఫ్ లైన్ పిటిషన్ (హద్దులు కొలిచి చూపమనే దరఖాస్తు) పెట్టండి. సర్వేయర్ వచ్చి ఎఫ్ఎంబీ, అంటే సర్వే నంబర్ల కొలతలున్న సర్కారు పటం, పట్టుకొని కొలుస్తాడు. మీ చేను ఒక్కటే కాకుండా మొత్తం సర్వే నంబర్ కొలవమని అడగండి, అప్పుడే లోటు ఎటు పోయిందో బయటపడుతుంది. పక్కవాళ్లకి నోటీసు వెళ్లిందా లేదా చూసుకోండి. నోటీసు లేకుండా కొలిచిన కాగితం కోర్టులో నిలబడటం కష్టం, "నాకు చెప్పకుండా కొలిచారు" అని ఆయన ఒక్క మాట అంటే చాలు.

ఇంజంక్షన్ సంగతి. ఇంజంక్షన్ అనేది మన స్వాధీనంలో ఉన్న భూమిలోకి అవతలివాడు రాకుండా ఆపడానికి. మీరేమో ఆయన ఇప్పటికే దున్నుకుంటున్నాడు అంటున్నారు. మరి స్వాధీనం ఎవరిది? ఆయనది! ఉత్త ఇంజంక్షన్ వేసి నాలుగేళ్లు వాయిదాలు తిరిగాక "వాది స్వాధీనంలో లేడు, దావా కొట్టివేయడమైనది" అని వస్తే ఏం చేస్తారు? తక్కువ కోర్టు ఫీజుకి ఆశపడి జనం చేసే తప్పు ఇదే. వరంగల్ మట్టెవాడలో ఇళ్ల స్థలాల మీద 1978లో వేసిన ఉత్త ఇంజంక్షన్ దావాలు కింది కోర్టు నుంచి హైకోర్టు దాకా గెలుస్తూ ఓడుతూ పోయి సుప్రీంకోర్టుకెళ్లాయి, 2008లో అక్కడ తేలింది ఏంటంటే హక్కు మీదే గట్టి వివాదం ఉన్నప్పుడు ఉత్త ఇంజంక్షన్ చాలదు, హక్కు ప్రకటన (భూమి నాదేనని కోర్టు చేత చెప్పించుకోవడం) కూడా అడగాలి, స్వాధీనం పోయి ఉంటే స్వాధీనమూ అడగాలి అని. ముప్పై ఏళ్లు తిరిగి మళ్లీ మొదటికొచ్చారన్నమాట.

కాబట్టి సర్వేలో ఆక్రమణ తేలితే మీరు వేయాల్సింది హక్కు ప్రకటన, ఆ 14 సెంట్ల స్వాధీనం, ఇకపై రాకుండా శాశ్వత ఇంజంక్షన్, మూడూ కలిపిన దావా. ఫీజు భూమి విలువ మీద పడుతుంది, ఎక్కువే, కానీ మీకు పడేది 14 సెంట్లకే కదా. ప్లాన్ గీయించి ఆ ముక్కకి రంగు వేసి కొలతలతో జతచేయండి. "పడమర వైపు కొంత భూమి" అని రాస్తే రేపు డిక్రీ వచ్చినా దాన్ని అమలుచేసే కోర్టు అమీనా వచ్చి ఎక్కడ అప్పగించాలో తెలీక వెనక్కి పోతాడు.

దావా వేశాక అడ్వకేట్ కమిషనర్ (కోర్టు తరఫున చేనుకొచ్చి చూసి రిపోర్టు ఇచ్చే లాయర్) కోసం పిటిషన్ పెట్టండి, సర్వేయర్ సాయంతో కొలవమని. సాక్ష్యం సేకరించడానికి కమిషనర్‌ని వాడుకుంటున్నారు అని అవతలి వకీలు అభ్యంతరం చెప్తాడు, అది మామూలే. హద్దు ఎక్కడుందన్నదే గొడవైనప్పుడు కమిషనర్‌ని వేయాల్సిందేనని 2008లోనే సుప్రీంకోర్టు ఇంకో కేసులో చెప్పింది.

పన్నెండేళ్లు దాటింది కాబట్టి నాదే అంటాడేమో అని భయపడకండి. ఎప్పటినుంచి, ఎంత ముక్కని, మీకు తెలిసేలా బహిరంగంగా తనదిగా అనుభవించాడో ఆయనే రుజువు చేయాలి. ఏటా ఒక చాలు చొప్పున జరిపినవాడికి ఆ లెక్క చెప్పడం తేలిక కాదు. అలాగని నాన్చొద్దు. మీ ఊళ్లో రీసర్వే అయిపోయి నోటిఫికేషన్ వచ్చి ఉంటే 1923 నాటి సర్వే హద్దుల చట్టం ప్రకారం దానిమీద మూడేళ్లలోపే సివిల్ దావా వేయాలి, ఆ తేదీ ముందు కనుక్కోండి.

పోలీసుల విషయం, మీ బావగారికి చెప్పండి, సివిల్ తగాదా అని పంపించేస్తారు. సర్వేయర్ పాతిన రాయి పీకినా, కొట్టడానికి వచ్చినా అప్పుడు వెళ్లండి. కొలత కాగితం చేతికొచ్చాక బాబాయిగారిని ఇంకోసారి పిలిచి చూడండి, కాగితం చూశాక మెత్తబడే మనుషులున్నారు. కేసు నడుస్తుండగా రాజీ కుదిరినా లోక్ అదాలత్‌లో రాయించుకుంటే అది డిక్రీతో సమానం, అప్పీలు ఉండదు, కట్టిన కోర్టు ఫీజు వెనక్కి వస్తుంది.

ప్రశ్న: మాది కరీంనగర్ పక్కన. పక్కింటాయన కాంపౌండ్ గోడ మా జాగలోకి అడుగున్నర లోపలికి కడుతున్నడు సార్, పునాది అయిపోయింది. నేను దుబాయ్‌ల ఉన్న, వచ్చే ఏడాది వచ్చినంక కేసు వేస్తే అయితదా?

జవాబు: వచ్చే ఏడాది దాకా ఆగితే గోడ కాదు, దాని మీద రేకుల షెడ్డు కూడా లేస్తది. కట్టింది కూల్చమని కోర్టు ఇచ్చే ఆర్డర్ జడ్జి విచక్షణ మీద ఉంటది, చూస్తూ ఊరుకున్నవాడికి నష్టపరిహారంతో సరిపెట్టినా ఆశ్చర్యం లేదు. కాన్సులేట్‌ల జీపీఏ (మీ తరఫున కేసు నడిపే అధికారం ఇచ్చే కాగితం) అటెస్ట్ చేయించి ఇంటికాడ నమ్మకమైన మనిషికి పంపండి, ఇక్కడికొచ్చినంక దానికి స్టాంపు డ్యూటీ కట్టించాలె. ఈలోపు లాయర్ నోటీసు ఇప్పించి రోజూ తేదీ కనపడేలా ఫోటోలు తీయించండి. జీపీఏ చేతికి రాంగనే దావాతో పాటు టెంపరరీ ఇంజంక్షన్ పిటిషన్ వేయించండి, ఈ నెలల్నే.