దర్శకుడు లేని బృందంలో మా అమ్మాయి

ప్రశ్న: మా అమ్మాయి నల్లగొండలో డిగ్రీ ఆఖరి సంవత్సరం చదువుతోంది. మరో నలుగురితో కలిసి, దర్శకుడంటూ ఎవరూ లేకుండా అందరూ సమానంగా సినిమాలు తీస్తామంటోంది. మర్రిగూడ వైపు నీళ్లలో ఫ్లోరైడ్ ఎక్కువై ఎముకలు వంగిపోతున్న ఊళ్లపై డాక్యుమెంటరీ మొదలుపెట్టారు కూడా. ఇది బతుకుదెరువు అవుతుందా?
– ఒక తండ్రి, మిర్యాలగూడ

జవాబు: అయ్యా, మీ అమ్మాయి చెబుతున్న పద్ధతి కొత్తదేమీ కాదు. బెంగళూరులో 1980లో ఏర్పడిన యుగాంతర్ అనే స్త్రీవాద సినిమా బృందం, హైదరాబాదులోని స్త్రీశక్తి సంఘటన అనే మహిళా సంఘం సభ్యులతో కూర్చొని కథను ఉమ్మడిగా అల్లి, 1983లో కుటుంబ హింసపై ‘ఇది కథ మాత్రమేనా’ అనే తెలుగు చిత్రం తీసింది. కేరళలోని ఒడెస్సా బృందం ఊరూరా తిరిగి జనం ఇచ్చిన చందాలతో 1986లో ‘అమ్మ అరియాన్’ అనే మలయాళ చిత్రం పూర్తిచేసింది. అయితే దానికి కూడా దర్శకుడిగా జాన్ అబ్రహాం (హిందీ నటుడు కాదు, మలయాళ దర్శకుడు) పేరే ఉందన్న సంగతి ఈ పిల్లలు గమనించాలి. డబ్బు సేకరణలో, ప్రదర్శనలో అందరిదీ సమాన భాగమైనా, ఫలానా పని ఫలానా వారిదన్న లెక్క అక్కడ పోలేదు.

ఆ లెక్క లేకపోతే ఏమవుతుందో నేను కళ్లారా చూశాను. రెండేళ్ల క్రితం ఇలాంటి ముగ్గురి బృందం ఒకటి తాము తీసినది ల్యాప్‌టాప్‌లో చూపించింది. బోరింగు పక్కన కూర్చున్న ఒక పెద్దాయన తన వంగిపోయిన మోకాళ్ల మీద చేతులు పెట్టుకుని ఏదో చెబుతున్నాడు. దృశ్యం చక్కగా ఉంది కానీ, గాలి హోరులో, పక్క చేనులోని మోటారు మోతలో ఆయన మాట ఒక్కటీ వినిపించలేదు. ఆ రోజు శబ్దం ఎవరు చూసుకున్నారని అడిగితే ముగ్గురూ ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు.

కనుక నిర్ణయాలు అందరూ కలిసి తీసుకున్నా, మీ అమ్మాయి ఒక్క పనిలోనైనా చేయి తిరిగేలా నేర్చుకోవాలి. నన్నడిగితే శబ్దగ్రహణమే మేలు, ఎందుకంటే కెమెరా పట్టాలనుకునే వారు ప్రతి ఊళ్లోనూ ఉన్నారు. పుణెలోని ఫిల్మ్ అండ్ టెలివిజన్ ఇన్‌స్టిట్యూట్‌లో సౌండ్ రికార్డింగ్, సౌండ్ డిజైన్ మూడేళ్ల కోర్సుకు డిగ్రీ అయ్యాక ప్రవేశ పరీక్ష రాయవచ్చు, అర్హతలేమిటో మాత్రం ముందే చూసుకోమనండి. ఈలోగా పెళ్లి వీడియోల ఎడిటింగ్ వంటి పనులతో చేతి ఖర్చులు సంపాదించుకోవచ్చు. దాన్ని చిన్నచూపు చూడవద్దని అమ్మాయికి చెప్పండి. బృందం తీసే చిత్రాల మీద మాత్రం మొదటి కొన్నేళ్లు ఇల్లు గడుస్తుందని ఆశ పెట్టుకోకండి.

ఇంకొక ముఖ్యమైన విషయం ఉంది. 1957 నాటి కాపీరైట్ చట్టం ప్రకారం సినిమాకు కర్త నిర్మాత, అంటే దాన్ని తీయడానికి చొరవ, బాధ్యత తీసుకున్న వ్యక్తి. అయిదుగురూ సమానమనుకుంటే, ఆ అయిదుగురూ నిర్మాతలేనని, తెరపై పేర్లు ఏ వరుసలో వస్తాయో, బహుమతి డబ్బు వస్తే ఎలా పంచుకుంటారో, మధ్యలో ఒకరు తప్పుకుంటే వారి వాటా ఏమిటో షూటింగ్ ముందుకు సాగకముందే కాగితంపై రాసుకొని అందరూ సంతకాలు చేయాలి. స్నేహితుల మధ్య కాగితాలెందుకని పిల్లలు నొచ్చుకుంటారు, అయినా పట్టుబట్టండి. ఇప్పటిదాకా తీసిన ఫుటేజ్ ఉన్న హార్డ్ డిస్క్ ఎవరింట్లో ఉందో, దాని రెండో కాపీ ఎక్కడుందో ఈ రాత్రికే అమ్మాయిని అడగండి.