చర్చలపై ఆశతో చెరువుకు అప్పు చేయకండి

ప్రశ్న: మాది భీమవరం దగ్గర పల్లె. నాలుగు ఎకరాల్లో వనామీ రొయ్యలు వేస్తున్నాను. కిందటి పంటలో ఖర్చులు పోను 3 లక్షలు మిగిలాయి. భారత్, అమెరికా మధ్య చర్చలతో సుంకాలు తగ్గి ధర పెరుగుతుందని ఇక్కడ అందరూ అంటున్నారు. పక్కనే మూడు ఎకరాలు లీజుకు వస్తున్నాయి. నూటికి రెండు రూపాయల వడ్డీకి 12 లక్షలు ఇస్తామంటున్నారు. నా 3 లక్షలూ కలిపి దిగవచ్చా? ఇంటి ఖర్చు నెలకు 35 వేలు.

జవాబు: దిగవద్దు. ఆ అప్పు అసలే వద్దు. రెండు దేశాల మధ్య మాటలను చేతికందిన ఆదాయంగా లెక్కవేసుకోవడం రొయ్య రైతులు చాలామంది చేస్తున్న పొరపాటు. అందుకే మీ ప్రశ్నకు వివరంగా రాస్తున్నాను.

2025లో జరిగింది గుర్తు చేసుకోండి. ఏప్రిల్ 2న అమెరికా మన సరుకుపై 26 శాతం సుంకం ప్రకటించింది. వారానికే దాన్ని 90 రోజులు వాయిదా వేసింది. ఆగస్టు 7న 25 శాతం అమల్లోకి వచ్చింది, అదే నెల 27న మరో 25 శాతం తోడై మొత్తం 50 అయింది. ఆ రెండో 25 శాతానికి కారణం రష్యా నుంచి మనం కొంటున్న చమురు. మీ సీడులో, అంటే రొయ్య పిల్లల్లో లోపం లేదు, నీటిలో లోపం లేదు. అయినా దెబ్బ మీ చెరువు మీద పడింది. 2024-25లో దేశం నుంచి 62,408 కోట్ల రూపాయల సముద్ర ఉత్పత్తులు ఎగుమతి అయితే, కొనుగోలుదారుల్లో మొదటి స్థానం అమెరికాదే. ఈ సుంకాలు తగ్గినా, మరీ చౌకగా అమ్ముతున్నారని వేసే యాంటీ డంపింగ్ సుంకం, ప్రభుత్వ రాయితీలకు విరుగుడుగా వేసే కౌంటర్‌వెయిలింగ్ సుంకం వేరుగా ఉంటాయి.

ఇప్పుడు వడ్డీ చూడండి. 12 లక్షలకు నెలకు 24 వేలు. నాలుగు నెలల పంట చేతికొచ్చేసరికి 96 వేలు వడ్డీకే పోతాయి. రొయ్యలకు తెల్లమచ్చ తెగులు వస్తే అసలూ పోతుంది. ఏడాదికి 24 శాతం వడ్డీని ఓర్చుకునే సాగు నాకు తెలిసి లేదు. ఇలాంటి అప్పును పెట్టుబడి అని పిలవడం నాకు కోపం తెప్పిస్తుంది.

మీ 3 లక్షలను కదపకండి. ఉద్యోగికి ఆరు నెలల ఖర్చు నిల్వ ఉంటే చాలు. ధర మరో దేశ రాజధానిలో తేలే మీకు ఏడాది ఖర్చు, అంటే 4 లక్షల 20 వేలు ఉండాలి. ఆ నిల్వ ఉన్న రైతు ధర బాగా లేనప్పుడు ఒక పంట కాలం చెరువు ఖాళీగా ఉంచగలడు. అప్పున్న రైతుకు ఆ వీలు లేదు. నష్టమని తెలిసినా వడ్డీ కోసం సీడు వదలాల్సిందే. మేత డీలరుకు బాకీ ఉంటే రొయ్యలు పట్టి అమ్మే రోజున బేరమాడే నోరు కూడా ఉండదు.

3 లక్షలను బ్యాంకులో, అడిగిన రోజు తీసుకునేలా వేయండి. తక్కువ పడిన లక్షా 20 వేలు వచ్చే పంట నుంచి ముందుగా తీసి పక్కన పెట్టండి. కుటుంబానికి ఆరోగ్య బీమా లేకపోతే ఈ నెలలోనే తీసుకోండి. పెట్టుబడికి తప్పనిసరైతే బ్యాంకులో కిసాన్ క్రెడిట్ కార్డు అడగండి, ఆక్వాకూ ఇస్తారు. లీజు సంగతి నిల్వ పూర్తయ్యాక, సొంత డబ్బుతో, ఒక్క ఎకరంతో ఆలోచించండి.