రెంబ్రాంట్ గీసిన ముఖాల్లో మనిషి మనసు ఎలా కనిపిస్తుంది?

పదిహేడో శతాబ్దపు డచ్ చిత్రకారుడు రెంబ్రాంట్ బొమ్మలు చూస్తే ఆ మనుషుల మనసులో ఏముందో తెలిసిపోతున్నట్టు ఉంటుంది, అది నిజంగా బొమ్మలో ఉందా, మన ఊహేనా అని అడిగారు. ఊహే, కానీ ఆ ఊహకి చోటు వదిలిపెట్టింది ఆయనే. నాకిది తెలిసొచ్చింది ఒక బేరం పోయాక.

మాది ఒడిశాలోని పర్లాకిమిడి. పోయినవాళ్ళ చిన్న ఫోటో తెచ్చిస్తే దండ వేసుకోవడానికి పెద్ద బొమ్మ గీసివ్వడం నా పని. చాలా ఏళ్ళ కిందట ఒకావిడ భర్త బొమ్మలో నుదుటి గీతలు తీసేసి, కళ్ళలో తెల్లచుక్కలు పెట్టి, పెదవి చివర సన్నగా పైకి లాగి కాస్త నవ్వు కూడా తెప్పించాను. ఆవిడ చాలాసేపు చూసి, "బాగుంది బాబూ, గానీ ఈయనెవరో పెళ్ళికెళ్తున్నట్టున్నారు, మా ఆయన ఇలాగుండీవారు కాదు" అని బొమ్మ వదిలేసి వెళ్ళిపోయింది. తిట్టినా బాగుండేది.

ఆ తర్వాతే రెంబ్రాంట్ తన 63వ ఏట, 1669లో గీసుకున్న సొంత బొమ్మని పట్టి పట్టి చూశాను. ఆయన పోయింది కూడా ఆ ఏడాదే, కొడుకు టైటస్ అంతకు ముందు ఏడాది పోయాడు, దివాలా తీసి అప్పటికే పదమూడేళ్ళు. ఇవేవీ తెలియకపోయినా ముఖం మనల్ని పట్టేస్తుంది. కళ్ళ కింద సాగిన చర్మం, ముక్కు, దేన్నీ దాచలేదు, నుదుటి మీద వెలుగు పడేచోట రంగు మందంగా వేశాడు. కానీ కంటి కొసల్లో, పెదవి చివర్లలో మాత్రం గట్టి గీతంటూ లేదు, అన్నీ నీడలో కలిసిపోతాయి. మనం ముఖకవళికలు చదివేది అక్కడే కదా! బొటనవేలితో బొమ్మలోని నోరు మూసి చూడండి, కళ్ళు అలిసిపోయినట్టుంటాయి, కళ్ళు మూస్తే నవ్వబోతున్నాడేమో అనిపిస్తుంది (నాకలా అనిపించింది, మీకు ఇంకోలా అనిపించొచ్చు).

1655లో గీసిన టైటస్ బొమ్మ కూడా చూడండి, పిల్లాడు కలం పట్టుకుని, బొటనవేలు ముఖానికి ఆనించుకుని ఎటో చూస్తుంటాడు, కింది భాగమంతా ఉత్త బల్ల చెక్కే. ఆ ఖాళీ వల్లే వాడేదో ఆలోచిస్తున్నాడని నమ్ముతాం.

ఆవిడ బొమ్మ మళ్ళీ పట్టుకుని, నుదుటి గీతలు తిరిగి వేసి, పెదవి చివర గీత చెరిపి బొగ్గుపొడి వేలితో రుద్దాను. కబురు పెడితే వచ్చింది. ఈసారి చూడగానే, "ఇంట్లో బీడీ కాల్చొద్దంటే ఇలాగే చూసీవారు" అంది.