మాస్టారిని మండలి మెట్ల దగ్గర వదిలేయకు

చిరంజీవికి ఆశీస్సులు.

నువ్వు పంపిన ఇరవై పేజీలూ రెండుసార్లు చదివాను. లెక్కల మాస్టారుగా పేరుపడి, తర్వాత ఎమ్మెల్సీ అయిన చుక్కా రామయ్య గారి జీవితం రాయాలనుకున్నందుకు సంతోషించాను. జనగామ వైపు ఆ గూడూరు, నిజాం మీద పోరాటం, జైలు, లెక్కల క్లాసు, అన్నీ కళ్లకు కట్టాయి. 2007 దగ్గరికి రాగానే నీ చెయ్యి మారిపోయింది. "శాసనమండలి సభ్యునిగా విశేష సేవలందించారు" అని ఒక్క వాక్యంతో మొత్తం పదవీకాలం దాటేశావు. సన్మానపత్రంలో రాసే మాట అది. మాస్టారిని మెట్ల దగ్గరే నిలబెట్టి నువ్వొక్కడివే లోపలికి వెళ్లిపోయావు నాయనా.

ముందు ఆ సీటు ఎలాంటిదో చెప్పు. ఆయన గెలిచింది టీచర్ల నియోజకవర్గం నుంచి. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1985లో రద్దయిన మండలి మళ్లీ 2007లో వచ్చింది. రాజ్యాంగం 171వ అధికరణం ప్రకారం మండలి సీట్లలో సుమారు పన్నెండో వంతు మందిని టీచర్లే ఎన్నుకుంటారు. హైస్కూలు, ఆపై స్థాయిలో కనీసం మూడేళ్లు పాఠం చెప్పినవాళ్లకే ఓటు. బ్యాలెట్ మీద పార్టీ గుర్తులుండవు. పోలింగ్ కేంద్రంలో ఇచ్చే ఊదారంగు స్కెచ్ పెన్నుతో పేర్ల ఎదురుగా 1, 2, 3 అని అంకెలు వెయ్యాలి. టిక్కు పెడితే ఓటు చెల్లదు. బతుకంతా పిల్లల పేపర్ల మీద టిక్కులు పెట్టిన చెయ్యి అక్కడ ఒక్క క్షణం ఆగుతుంది చూడు, ఆ క్షణం నీ పుస్తకంలో ఉండాలి.

ఇదే చోట నేను తప్పు చేశాను. ఇలాగే ఎమ్మెల్సీ అయిన ఇంకొక మాస్టారి గురించి రాస్తూ "భారీ మెజారిటీతో గెలిచారు" అనేశాను. పుస్తకం అచ్చయ్యాక, ఆ రాత్రి కౌంటింగ్ హాల్లో ఏజెంటుగా కూర్చున్న టీచరొకరు నన్ను పక్కకు పిలిచి జరిగింది చెప్పారు. చెల్లిన ఓట్లలో సగానికి ఒకటి ఎక్కువ రావాలి. మొదటి లెక్కలో ఎవరికీ రాలేదు. అందరికంటే తక్కువ వచ్చినవాళ్లను ఒక్కొక్కరినే తీసేస్తూ, వాళ్ల ఓట్లలో రెండో ప్రాధాన్యం ఎవరికుందో చూసి కలుపుతూ పోతే తెల్లారుజామున ఈయన గట్టెక్కారు. అంటే వేరే సంఘాల టీచర్లు కూడా తమవాడి తర్వాత ఈయన్నే తలుచుకున్నారన్నమాట. ఒక మాస్టారికి అంతకంటే గొప్ప మర్యాద ఏముంటుంది? అది నా పుస్తకంలో లేదు. ఇప్పటికీ ఆ పేజీ తిప్పాలంటే మనసొప్పదు.

ఇక సభలోకి నడు. ఏళ్ల తరబడి "సార్" అని పిలిపించుకున్న మనిషి లేచి నిలబడి "అధ్యక్షా" అనాలి. క్లాసులో గంట కొట్టేదాకా ఆయన మాటే మాట. ఇక్కడ మాట మధ్యలో ఉండగానే పైనుంచి గంట మోగుతుంది, టైమైపోయిందని. మండలి చర్చల ప్రతులు సంపాదించి చదువు. ప్రసంగాల కంటే ప్రశ్నలు జాగ్రత్తగా చూడు. మంత్రి జవాబిచ్చాక ఆయన ఏ అనుబంధ ప్రశ్న వేశారో పట్టుకో. లెక్కల మాస్టారు జవాబు ఒక్కటే చూసి మార్కులు వెయ్యడు, స్టెప్పులన్నీ అడుగుతాడు. ఆ అలవాటు సభలోనూ కనపడిందా, కనపడలేదా? ఏది నిజమైతే అదే రాయి.

ఒక కష్టమైన చోటు నువ్వు పక్కనుంచి తప్పుకుని వెళ్లావు. ఎమ్మెల్సీ కావడానికి చాలా ముందే, పాఠాలు చెప్పే ఉద్యోగం నుంచి రిటైరయ్యాక, ఆయన హైదరాబాద్ నల్లకుంటలో ఐఐటీ కోచింగ్ పెట్టారు. జనం నోట "ఐఐటీ రామయ్య" అయ్యారు. ఆ తర్వాత మన దగ్గర కోచింగ్ ఎంత పెద్ద వ్యాపారమైందో, హాస్టల్ గదుల్లో పిల్లలు ఎంత నలిగిపోయారో నీకూ తెలుసు. అంటరానితనాన్ని ఎదిరించిన మనిషి, అందరికీ చదువు అందాలని పత్రికల్లో రాస్తూ వచ్చిన మనిషి, ఆ పేరుతోనే ఇంటింటికీ తెలియడం మామూలు సంగతి కాదు. నేను ఆయన్ని తప్పుపట్టడం లేదు, నాకు ఆయనంటే ఎంతో గౌరవం. ఆ గౌరవంతోనే చెబుతున్నాను, ఈ ముడిని దాచిపెట్టకు. ఆయన దగ్గర చదివినవాళ్లను అడుగు. ఆయన కోచింగ్ ఎంట్రన్స్ టెస్టులో సీటు రాక వెనక్కి పోయినవాళ్లు కూడా ఇప్పుడు యాభై దాటి ఎక్కడో ఉంటారు, వాళ్లనీ వెతుకు.

పుట్టిన తేదీలు, బిరుదుల పట్టిక చివర్లో ఒక పేజీలో సర్దెయ్.

మండలి ప్రతులు దొరగ్గానే జిరాక్స్ తీయించుకుని ఇటు రా. ఆదివారమైతే రోజంతా ఇంట్లోనే ఉంటాను. ఇద్దరం కూర్చుని ఆ ప్రశ్నలు చదువుదాం. భోజనం ఇక్కడే.

నీ శ్రేయోభిలాషి