ఆడపిల్లకి తవ్వకాల చదువేంటి మేడమ్?

ప్రశ్న: మాది దర్శి. ఎరువుల కొట్టు ఉంది. మా అమ్మాయికి ఇంటర్ ఎంపీసీలో మంచి మార్కులే వచ్చాయి. స్కూల్లో ఉండగా చందవరం బౌద్ధ స్తూపం చూపించారు, అప్పట్నుంచీ ఆర్కియాలజీయే చదువుతానంటోంది. హైదరాబాద్‌లో డిగ్రీతో పాటు ఐఏఎస్ కోచింగ్ ఇచ్చే కాలేజీలో వేద్దామని మా బావమరిది అంటున్నాడు. రెండూ పోల్చి చెప్పండి. ఎండలో మట్టి తవ్వుకునే ఉద్యోగమంటే రేపు సంబంధాలు వస్తాయా?

జవాబు: అన్నగారూ, మీ అసలు ప్రశ్న ఆ చివరి వాక్యమే. దానికే ముందు చెబుతాను.

తవ్వేది కూలీలు. మీ అమ్మాయి పని, తవ్వింది పోగొట్టకుండా రాసిపెట్టడం. నేనొకసారి తవ్వకం దగ్గర ఒక పూటంతా ఉన్నాను. పది మీటర్ల చదరాన్ని నాలుగు గళ్ళు చేసి, గోడలు నిట్టనిలువునా చెక్కి, రంగు మారిన ప్రతి మట్టిపొరకీ ఒక చీటీ గుచ్చారు. చెట్టు కింద ఒకమ్మాయి కుండపెంకుల్ని బ్రష్‌తో కడిగి ఆరబెట్టి, ఒక్కోదాని మీదా ఏ గుంట, ఏ పొర అని సిరాతో రాస్తోంది. ఒక పెంకు చేతికిచ్చింది. లోపల నలుపు, బయట ఎరుపు. కుండని బోర్లించి కాల్చారట, లోపలికి గాలి అందక నల్లబడిందట. ఆ పిల్లకీ ఎండ తగులుతోంది, నిజమే. మీరు యూరియా లారీ దించుకునేటప్పుడు తగలదా?

మనవైపు ఆర్కియాలజీ అంటే లంకెబిందెలే గుర్తొస్తాయి. 1780లలో నెల్లూరు దగ్గర ఒక రైతు నాగలికి ఇటుకకట్టు అడ్డం తగిలింది. తవ్వితే పాత గుడి పునాది, దాని కింద చిన్న కుండలో రోమన్ బంగారు నాణేలు. ట్రాజన్, హేడ్రియన్ అనే రోమన్ చక్రవర్తుల కాలంవి. చాలావరకు పాత బంగారం కింద అమ్ముడుపోయి కరిగిపోయాయి. కుండ పక్కన ఇంకేముందో, ఆ ఇటుక ఏ కొలతో రాసిపెట్టినవాళ్ళు లేరు. మీ అమ్మాయి నేర్చుకుంటానంటున్నది ఆ పనే.

ఆడవాళ్ళ సంగతంటారా, దేబలా మిత్ర 1958 నుంచి 1961 దాకా ఒడిశాలోని రత్నగిరిలో తవ్వకాలు నడిపారు. 1981లో భారత పురావస్తు శాఖకి డైరెక్టర్ జనరల్ అయ్యారు.

ఇక మీ బావమరిది గారి ప్లాను. దీని మీద నాకు గట్టి అనుమానాలున్నాయి. సివిల్స్ రాయాలంటే 21 ఏళ్ళుండాలి. పదిహేడేళ్ళ పిల్లని ఇప్పట్నుంచే కరెంట్ అఫైర్స్ నోట్స్ ముందు కూర్చోబెడితే డిగ్రీ పేరుకే మిగులుతుంది. లక్షల మంది రాస్తే వెయ్యి మంది చుట్టుపక్కల తేలే పరీక్ష అది. ఇరవై ఐదేళ్ళకి, రెండుసార్లు ప్రిలిమ్స్ పోయాక, ‘ఇప్పుడేం చదవమంటారు మేడమ్’ అని వచ్చే పిల్లలు నా దగ్గర ఎక్కువయ్యారు. వాళ్ళ నాన్నలు ఆ రోజు రారు, ఫోన్ చేస్తారు. కూతురి ఇష్టాన్ని కాదనలేక, సరేననలేక మధ్యలో ఐఏఎస్ బోర్డు తగిలిస్తున్నారు మీరు. అది ఆమె కోసం కాదు, చుట్టాల కోసం.

పోల్చమన్నారు కదా. పురావస్తు శాఖలో యూపీఎస్సీ ద్వారానే తీసుకునే డిప్యూటీ సూపరింటెండింగ్ ఆర్కియాలజిస్ట్‌కి మొదటి మూలవేతనం 56,100. కొత్త ఐఏఎస్‌కీ అంతే. తేడా ఎక్కడంటే, ఈ పోస్టులు తక్కువ, నోటిఫికేషన్ ఎప్పుడొస్తుందో చెప్పలేం. ఆ మాట మీ దగ్గర దాచను. అందుకే పక్కదారులు తెలిసుండాలి: మ్యూజియంలు, నెట్ అనే అర్హత పరీక్ష రాసి అధ్యాపక ఉద్యోగం, రాళ్ళ మీద చెక్కిన పాత శాసనాలు చదివే పని. మైసూరులో పురావస్తు శాఖకి శాసన విభాగమే ఉంది. పాత తెలుగు లిపి చదవగలిగితే అక్కడ ఆ పిల్లకి విలువ ఉంటుంది.

ఎంపీసీ వృథా అయిందని బాధపడకండి, కొలతలు, మ్యాపులు అన్నీ లెక్కలే. ముందు ఏదో ఒక మంచి డిగ్రీ. తర్వాత పుణెలో దక్కన్ కాలేజీ, బరోడా, తిరుపతి ఎస్వీ యూనివర్సిటీ, ఎక్కడైనా ఎంఏ. ఆపైన గ్రేటర్ నోయిడాలో పురావస్తు శాఖ వాళ్ళదే రెండేళ్ళ డిప్లొమా ఉంది. సీట్లు 15 మాత్రమే, కానీ దానికింకా ఐదేళ్ళ టైముంది. ఇప్పట్నుంచే టెన్షన్ ఎందుకు?

ఈ ఆదివారం కొట్టు మీ బావమరిదికి అప్పజెప్పి, అమ్మాయితో చందవరం వెళ్ళి రండి. ఒక పూటంతా ఉండండి. ఇంటికి పోదామని ముందు ఎవరంటారో చూసి నాకు రాయండి.